మామగారి పేరు మీద ఆట

తీసెయ్యమన్నారు. తీసెయ్యడానికి ఎంతసేపు, వేలితో ఒక్కసారి తోస్తే పోయేదానికి, అని ఆయన ఉద్దేశం. తల వెనక్కి తిప్పకుండానే ముందు సీట్లోంచి భుజం మీదుగా టాబ్ నా చేతికిచ్చి, "కీర్తీ, ఇందులో అదేదో ఆటల సర్వీసంట, నా పేరు మీద ఊరందరికీ కబుర్లు పంపుతుందంట, తీసెయ్యమ్మా" అన్నారు మా మామగారు. ఆయన ఏ పని చెప్పినా చివర అమ్మా అని ఉంటుంది, దాని తరవాత ఇంక ఎవరి మాటా ఉండదు. తిట్టే మామగారైతే ఎదురు చెప్పవచ్చు, కనీసం లోపల్లోపల తిట్టుకోవచ్చు, ఈ మర్యాదని ఏం చేసుకోవాలో పెళ్ళయి ఇన్నేళ్ళయినా నాకు తెలియలేదు. అలాగేనండీ అన్నాను. అనేసి టాబ్ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. కారు కదలడం లేదు. కార్తీక సోమవారం, రావులపాలెం సెంటరు, కోటిపల్లి వెళ్ళేవాళ్ళూ ద్రాక్షారామం వెళ్ళేవాళ్ళూ, గెలల లారీలూ, సైకిలుకి అటూ ఇటూ అరటి గెలలు కట్టి తోసుకొచ్చే రైతులూ, అందరూ ఒక్కచోటే ఇరుక్కున్నారు. నా పక్క తలుపుకి ఆనుకుని ఒక లారీ ఆగింది, తలుపు తీద్దామన్నా జానెడు సందు లేదు, అద్దం నిండా పచ్చి గెలలే. రెండో పక్క అత్తయ్యగారు, మా ఇద్దరి మధ్యా కొబ్బరికాయల బుట్ట. ముందు మా ఆయన ఆదిత్య స్టీరింగు మీద వేళ్ళతో తాళం వేస్తున్నారు. పొద్దున్నుంచి ఎవరం ఏమీ తినలేదు, భీమేశ్వరుడి దర్శనం అయ్యేదాకా తినకూడదు.

ఇదంతా ఆ గంగాధర్ వల్ల వచ్చింది. మా రొయ్యల చెరువులకి మేత సరఫరా చేసే గంగాధర్. మామగారి ఫోను కారుకి కలిపి ఉంటుంది, ఎవరు చేసినా ముందు తెర మీద పేరు పడుతుంది, గొంతు కారంతా వినబడుతుంది, మా ఇంట్లో రహస్యాలు దాగవు, దాచుకునే చోటు లేదు. సిద్ధాంతం దగ్గర గోదావరి వంతెన మీద ఉండగా చేశాడు. "ఏంటండీ రాజుగారూ, మధ్యాన్నం అయ్యేసరికి నా ఫోను టింగుమంటదండి, కాశీవిశ్వనాథరాజుగారు ఆడుతున్నారు అని. రొయ్యలు మేత మానేసినా తమరు ఆట మానేలా లేరు!" అని పగలబడి నవ్వాడు. మామగారు నవ్వలేదు. చెరువుల గట్ల మీద కెమెరాలు చూసుకోవడానికి, నీళ్ళకి గాలి పట్టించే ఏరియేటర్లు తిరుగుతున్నాయో ఆగిపోయాయో కనిపెట్టడానికి కొన్న టాబ్ ఇది, పెళ్ళికి వెళ్తూ పిల్లిని చంకన పెట్టుకెళ్ళినట్టు గుడికి కూడా వెంట వస్తుంది. కొన్నప్పుడు షాపువాళ్ళు అన్నీ ఆయన పేరుతో తెరిచి ఇచ్చారు. ఆటల సర్వీసు ఎవరూ పెట్టింది కాదు, టాబ్‌తో పాటే పుట్టింది, ఆయన దగ్గర నంబర్లున్న వాళ్ళనందరినీ తనే ఏరి స్నేహితులుగా చేర్చుకుంది. మా ఇంట్లో కరెంటు మీటరూ, గ్యాసూ, పాలఖాతా అన్నీ మామగారి పేరు మీదే. ఎవరు వాడినా వాడింది ఆయనే. ఆటా అంతే. మధ్యాహ్నం ఆయన కునుకు తీసే వేళ టాబ్‌కి ఛార్జింగు పెట్టడం నా పని. ఆ వేళ ఆయన పేరు మీద ఆడేది నేను.

"తీసేశాక ఇలా ఇవ్వమ్మా, ఫొటో తీసి గంగాధర్‌కి పంపిస్తాను. నేను ఆటలాడుకునే మనిషిలా కనబడుతున్నానా?" అన్నారు. అంటే తీసేశానని అబద్ధం చెప్పే వీలు కూడా లేదు. సెట్టింగులు తెరిచాను. పైన్నించి కిందికి, కిందినుంచి పైకి, వెతుకుతున్నట్టు జరుపుతూ కూర్చున్నాను. అది ఎక్కడుందో నాకు కళ్ళు మూసుకున్నా తెలుసు. తెలియనట్టు నటించడం ఈ ఇంటికి వచ్చాకే అలవాటైంది. కారు ఒక మూర ముందుకి జరిగి మళ్ళీ ఆగింది, లారీ కూడా మాతో పాటే జరిగింది, అవే గెలలు. ఇందాక పెనుగొండ దాటాం. మా పుట్టిల్లు అక్కడే, రోడ్డు దిగి లోపలికి కాస్త దూరం. మలుపు వచ్చేసరికి అత్తయ్యగారి శివనామం కొంచెం పైకి వినబడింది, ఆదిత్య స్పీడు పెంచారు. ఆ మలుపులోంచి మా మేడ మీది నీలం రంగు నీళ్ళ ట్యాంకు కనబడుతుంది. కనబడింది. కిటికీకి ముఖం ఆనించి చూశాను. ట్యాంకు దగ్గర ఒక చీర ఆరేసి ఉంది, ఏ చీరో పోల్చుకునే లోపే ఎవరిదో కొబ్బరితోట అడ్డం వచ్చేసింది. దిగి వెళ్తే అమ్మ గుమ్మంలోనే ఉండేది.

రెండిళ్ళకీ మాటల్లేవు. ఎవరైనా కొట్టుకున్నారా, ఆస్తి తగువా, ఏమీ లేదు. మా తమ్ముడు ఉదయ్ పెళ్ళికి పిలవడంలో వచ్చిన తప్పు. మావాళ్ళలో వియ్యాలవారిని పిలవడమంటే భార్యాభర్తలిద్దరూ కలిసి ఇంటికి రావాలి, ఆడవాళ్ళకి బొట్టు పెట్టాలి, తాంబూలంతో శుభలేఖ చేతికివ్వాలి. నాన్నకి అప్పుడే మోకాలి ఆపరేషను. అమ్మ ఒక్కత్తీ వియ్యంకుడింటికి రాకూడదు. తమ్ముణ్ణి పంపారు. వాడు మా గేటు దగ్గరికి వచ్చి, మామగారు చెరువుల మీద ఉన్నారని విని, పెద్దాయన చేతికే ఇవ్వడం మర్యాద అనుకుని కారు అటు తిప్పాడు. గట్టు మీద పనివాళ్ళ మధ్య, లుంగీ ఎగగట్టి మేత వాసనతో నిలబడ్డ మనిషికి శుభలేఖ చేతిలో పెట్టి, కాళ్ళకి దండం పెట్టి, అట్నుంచి అటే భీమవరం వెళ్ళిపోయాడు. వాడి దృష్టిలో వాడు చేసింది మహా మర్యాద. ఆ సాయంత్రం మామగారు కాళ్ళు కడుక్కుంటూ, "మేత బిల్లు ఇచ్చిపోయినట్టు ఇచ్చిపోయాడమ్మా మీ తమ్ముడు" అన్నారు. కోపంగా కూడా అనలేదు. అత్తయ్యగారికి బొట్టు పెట్టి పిలిచిన వాళ్ళు లేరు. మాఘంలో పెళ్ళి జరిగింది, మా ఇంట్లోంచి ఎవరూ వెళ్ళలేదు, నన్నూ పంపలేదు. ఆడపడుచుగా నేను నిలబడాల్సిన చోట మా చిన్నాన్న కూతురు నిలబడింది. ఆ ఫొటో ఎవరి స్టేటస్‌లోనో చూశాను. పట్టుచీర బాగుంది దానికి. నాకు చాలా ఏడుపొచ్చింది. వంటింట్లో ఉల్లిపాయలు ముందేసుకుని ఏడ్చాను, ఉల్లిపాయలకి ఆ సదుపాయం ఉంది.

పెళ్ళి ముందురోజు అమ్మ అత్తయ్యగారికి ఫోను చేసి బతిమాలింది. బతిమాలి బతిమాలి విసిగి, "మా పిల్లని పంపకపోతే పోనీండి, ఇంక పంపకండి" అంది. ఆ 'ఇంక' అనేది అనకుండా ఉంటే సరిపోయేది. మా అమ్మ నోరు నాకు తెలుసు, కోపం దిగాక తనే నొచ్చుకుంటుంది, కానీ దిగేలోపు అనాల్సినవన్నీ అనేస్తుంది. ఇటు మామగారు, "వాళ్ళు ఇంటికొచ్చి బొట్టు పెట్టి మాట కలిపేదాకా మన వైపునుంచి ఫోన్లు వద్దమ్మా" అన్నారు. ఉండబట్టలేక ఒకసారి పెరట్లోంచి చేశాను. అమ్మే ఎత్తింది, నేనని పోల్చుకుంది. తనే, "మీ మామగారికి చెప్పి చేస్తున్నావా?" అంది. లేదన్నాను. "దొంగచాటు మాటలు నాకొద్దు. ఆయన పరువు తీసి నువ్వు నాతో మాట్లాడక్కర్లేదు. చెప్పి చెయ్యి, లేకపోతే ఆగు" అని పెట్టేసింది. కరవమంటే కప్పకి కోపం, విడవమంటే పాముకి కోపం. ఇద్దరూ పెద్దమనుషులే, ఇద్దరూ మర్యాదస్తులే, ఆ రెండు మర్యాదల మధ్యా నాకే ఊపిరి ఆడటం లేదు. మాఘం పోయి ఇది కార్తీకం. ఇద్దరూ ఆగారు, నేనూ ఆగాను.

ఎండల్లో ఒక మధ్యాహ్నం ఛార్జింగు పెడుతుంటే టాబ్ వెలిగింది. వెంకటదుర్గ మీతో ఆడాలనుకుంటున్నారు, అని. మా అమ్మ పేరు. ఆట దాడి. చిన్నప్పుడు వరండా గచ్చు మీద సుద్దతో ఒకదానిలో ఒకటి మూడు చదరాలు గీసి, చింతపిక్కలతో ఆడేవాళ్ళం. మూడు కాయలు వరసన చేరితే దాడి, ఎదుటివాళ్ళది ఒకటి తినచ్చు. ఎటూ కదలకుండా కట్టేస్తే ఓడిపోయినట్టే. ఈ సర్వీసులో దానికి ఏదో ఇంగ్లీషు పేరుంది, ఆట మాత్రం అదే. నా వేలు నా మాట వినలేదు, సరే అని నొక్కేసింది. అమ్మ మొదటి కాయ ఎప్పుడూ బయటి చదరం కుడి మూలన పెడుతుంది. అక్కడే పడింది. ఆరోజు నుంచి రోజూ ఆడుతున్నాం. అందులో మాటలు రాసుకునే చోటు కూడా ఉంది. నేను రాయలేదు, తనూ రాయలేదు. మాట కలపకూడదన్నారు, కాయ కదపకూడదని ఎవరూ అనలేదు. కాయలతోనే నాకు అన్నీ తెలిసేవి. పొద్దున్నే కాయ కదిలి ఉందంటే నాన్న బాగా నిద్రపోయినట్టు, అమ్మకి తీరిక దొరికినట్టు. మధ్యాహ్నం దాటినా కదలకపోతే నాన్న కాలికి మళ్ళీ ఏమైందో, ఆసుపత్రికి వెళ్ళారేమో అని అన్నం సయించేది కాదు. ఒకసారి రెండ్రోజులు ఏమీ రాలేదు. అత్తయ్యగారు నా ముఖం చూసి నెల తప్పిందనుకున్నారు, పాపం, గోంగూర వండించారు. మూడోరోజు కాయ కదిలింది. స్నానాలగదిలోకి వెళ్ళి కుళాయి విప్పుకుని ఏడ్చాను.

"దొరకలేదా కీర్తీ?" అన్నారు ఆదిత్య, అద్దంలోంచి నన్ను చూస్తూ. ఆయనకి తెలుసేమో. ఒకసారి వెనకనుంచి వచ్చి తెర చూసి, చూడనట్టు వెళ్ళిపోయారు. అది దయో భయమో నేను అడగలేదు. అడిగితే, నాన్నగారి మాట, కొన్నాళ్ళు ఆగు అంటారు. మంచివాడే. మంచివాళ్ళ మధ్య ఉంటే ఇంక ఎవరి మీద కోప్పడాలి? ఇక్కడే ఉందండీ, చూస్తున్నా అన్నాను. అత్తయ్యగారు శివనామం ఆపి బుట్ట మీదుగా వంగి టాబ్‌లోకి చూశారు. "మరీ చిన్న అక్షరాలమ్మా. ఇదేనా?" అని వేలు పెట్టారు. ఆ వేలు పెట్టింది సరిగ్గా దాని మీదే. తెరుచుకుంది. మామగారి పేరు, పేరు పక్కన గుండ్రంలో మొదటి అక్షరం, కింద స్నేహితులు, స్నేహితుల్లో మా అమ్మ. అత్తయ్యగారు ఆ పేరు చదువుతారేమోనని కొంగు సర్దుకున్నట్టు చెయ్యి అడ్డం పెట్టాను. ఆవిడ కళ్ళజోడు బ్యాగులో ఉంది, బతికిపోయాను.

మామగారి పేరు అంత పెద్ద అక్షరాల్లో అప్పుడు చూశాను. చూసి, ఇన్నాళ్ళూ ఆలోచించనిది ఆలోచించాను. అమ్మ తెర మీద కూడా ఇదే పేరు కదా ఉండేది. కీర్తి అని లేదు, ఎక్కడా లేదు. నేను అమ్మతో ఆడుతున్నాను సరే, అమ్మ ఎవరితో ఆడుతోంది? దొంగచాటు మాటలు వద్దన్న మనిషి రోజూ ఎందుకు ఆడుతోంది? వియ్యంకుడుగారే ఒక మెట్టు దిగి ఆటలోకి వచ్చారనుకుంటోందా? వియ్యాలవారు వేళాకోళాలాడుకుంటారు, ఆట ఆడటంలో తప్పు లేదు, మాట కలిసే ముందు ఇదొక దారి అనుకుని ఉంటుందా? మొన్న నా కాయ తినే అవకాశం వస్తే, మంచి కాయని వదిలేసి, మూలన పనికిరాకుండా పడి ఉన్న కాయని తింది. కూతురు మీద జాలి అనుకుని రోజంతా మురిసిపోయాను. అది వియ్యంకుడుగారి మీద మర్యాదేమో! నిన్న నా కాయలన్నీ కట్టేసింది, ఒక్కదానికి మాత్రం ఒక్క గడి వదిలింది, కావాలనే వదిలింది. ఎవరి కోసం వదిలింది? అద్దం అవతల ఒక అరటి గెల ఊగుతోంది, ఎందుకు ఊగుతోందో తెలియదు, లారీ ఆగే ఉంది.

అలా అయితే ఇప్పుడు నేను ఇది ఆపానంటే ఏమిటి అర్థం? ఆట మధ్యలో వియ్యంకుడుగారు విసురుగా లేచి వెళ్ళిపోయారని. ఒక అవమానానికి ఇంకొకటి తోడు. అమ్మ ఇంక ఈ జన్మకి మాట కలపదు. ఆపకపోతే? ఎందుకు ఆపలేదమ్మా అని అడుగుతారు. చెప్పేస్తే? మావయ్యగారూ, ఆడేది నేనండి, మా అమ్మతోనండి, ఈ కాస్తా ఉంచండి అని ఒక్క వాక్యం. గొంతు దాకా వచ్చింది. మీ పేరు పెట్టుకుని మీరు వద్దన్న పని చేశానని చెప్పడం అది. ఆయన అరవరు. అలాగా అమ్మా అంటారు. రేపటినుంచి టాబ్ ఆయన గదిలోనే ఛార్జింగు అవుతుంది. నన్ను ఎవరూ ఏమీ అనరు, అన్నం వడ్డిస్తుంటే చాలమ్మా అంటారు, అంతే, అలా ఏళ్ళు గడుస్తాయి. అమ్మకి తెలిస్తే అదింకో నరకం, ఆయన పరువు తీసి నాతో ఆడావా అంటుంది. ఎటు జరిగినా తలుపు లేదు. ఈ కార్లోంచి దిగి, లారీ కింద నుంచి దూరి, ఆ సైకిళ్ళ మధ్యనుంచి నడుచుకుంటూ వెనక్కి, వంతెన మీదుగా, పెనుగొండ దాకా వెళ్ళిపోవాలనిపించింది. చెప్పులు కూడా వద్దనిపించింది.

"అయిందా అమ్మా?" అన్నారు మామగారు.

అయిపోతోందండీ అన్నాను. మీట జరిపాను. ఊరికే పోదట, అడిగింది. ఆపితే మీ స్నేహితులకు మీరు కనబడరు, జరుగుతున్న ఆటలు ముగిసిపోతాయి, ఆపమంటారా అని. ఇంట్లో ఎవరూ నన్ను ఇంత వివరంగా అడగలేదు, ఈ గాజుపలక అడిగింది. అత్తయ్యగారు, "పాపం, దానికి కూడా ఓపికుంది" అన్నారు నవ్వుతూ. ఆవిడ మంచిగానే అన్నారు. నొక్కాను. పేరు బూడిదరంగులోకి పోయింది, స్నేహితులు పోయారు, అమ్మ పేరు కూడా పోయింది. చప్పుడు కూడా రాలేదు. టాబ్ ముందుకి అందించాను. మామగారు అటూ ఇటూ తిప్పి చూసి, ఫోనుతో ఫొటో తీసి, "పీడా పోయింది" అన్నారు. నా చేతుల్లో ఇంక పట్టుకోవడానికి ఏమీ లేదు, కొబ్బరికాయ ఒకటి తీసి దాని పీచు పీకుతూ కూర్చున్నాను. అత్తయ్యగారు, "పిలక పీకకమ్మా, దేవుడికి పనికిరాదు" అన్నారు. మానేశాను. రేపు మధ్యాహ్నం ఛార్జింగు పెట్టాక ఆ గంటసేపు ఏం చెయ్యాలి అని ఆలోచించాను. ఎల్లుండి గురించి కూడా. నాన్న కాలు ఎలా ఉందో ఇంక నాకు ఎవరు చెబుతారు?

కారు నాలుగు బారలు కదిలింది. లారీ వెనకబడింది, అద్దంలోంచి వెలుతురు పడింది. అప్పుడు ముందు తెర మీద పేరు పడింది. పెనుగొండ బావగారు. నాన్న నంబరుని మామగారు అలాగే దాచుకున్నారు, తీసెయ్యలేదు. ఎవరమూ కదల్లేదు. అది మోగుతోంది, కారంతా మోగుతోంది. అత్తయ్యగారు, "ఎత్తండి, ఎవరికేమైందో" అన్నారు సన్నగా. మామగారు గొంతు సవరించుకుని ఎత్తారు.

"అన్నయ్యగారూ, నేనండి, వెంకటదుర్గని." అమ్మ. ఆయాసపడుతోంది, మెట్లు దిగి వచ్చినట్టుంది. "ఆట ఆగిపోయిందండి. మధ్యలో అలా ఎప్పుడూ లేవదండి అది. పిల్ల బాగుందాండీ?"

మామగారికి అర్థం కాలేదు. ఏ ఆట చెల్లెమ్మగారూ, అనబోయి, ఒళ్ళో ఉన్న టాబ్ వైపు చూసి ఆగిపోయారు. నాకు అర్థమైంది. తెలుసు అమ్మకి, ఆడేది నేనేనని మొదటి రోజునుంచీ తెలుసు. ఆ కాయ కదిలినన్నాళ్ళూ పిల్ల బాగానే ఉందనుకుంటూ కూర్చుంది, నేను తన గురించి అనుకున్నట్టే.

"ఏమన్నా అయితే దాచకండి అన్నయ్యగారూ. కోపంలో నేనేదో వాగాను, కావాలంటే రేపే వస్తాను, వచ్చి బొట్టు పెడతాను, కాళ్ళు పట్టుకోమన్నా పట్టుకుంటాను. పిల్ల బాగుందా లేదా, అది చెప్పండి చాలు."

మామగారు అప్పుడు మొదటిసారి వెనక్కి తిరిగి నన్ను చూశారు. అంత పెద్దమనిషి, ఏం చెయ్యాలో తోచక ఫోను నా వైపు పట్టుకున్నారు, గొంతు కారంతా వినబడుతున్నా సరే. "బాగుందండి, ఇక్కడే ఉందండి, మాతోనే ఉంది" అన్నారు అమ్మతో. నాతో, "బాగానే ఉన్నానని చెప్పమ్మా" అన్నారు.

"బాగాలేనమ్మా" అన్నాను, కారంతా వినబడేలా.